జాహిదె సోన్కు కథలో మీరు వదిలేసిన ముప్ఫై ఏళ్లు

పాత నటీమణుల జీవితాలు చెప్పే తెలుగు యూట్యూబ్ చానళ్ల వారికి, సినిమా పాత్రికేయులకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

నమస్కారం. పాత సినిమా సంగతులు ఇవాళ జనానికి చేరుతున్నాయంటే అది మీ వల్లే. మా వీధిలో ఎనభై దాటిన పెద్దవాళ్లు కూడా రాత్రి అన్నం తిన్నాక ఫోను గోడకి ఆనించి పెట్టుకుని మీ వీడియోలు చూస్తారు. మీ మాటకు అంత విలువ ఉంది కాబట్టే ఈ లేఖ రాస్తున్నాను.

నేను జూనియర్ కాలేజీలో ఇంగ్లీషు చెబుతాను. సాయంత్రాలు పిల్లల చేత నాటికలు వేయిస్తాను. మా అన్నయ్య ఉద్యోగం మీద కొన్నేళ్లు ఇస్తాంబుల్‌లో ఉన్నాడు. వాడి దగ్గరికి వెళ్లినప్పుడు పట్టుకుంది నాకు టర్కీ పాత సినిమా పిచ్చి. అప్పటినుంచి దొరికింది దొరికినట్టు చదువుతూ, చూస్తూ ఉన్నాను.

గత ఏడాది ఒక తెలుగు చానల్ టర్కీ తొలితరం తార జాహిదె సోన్కు మీద పదకొండు నిమిషాల వీడియో పెట్టింది. చానల్ పేరు ఇక్కడ రాయను, ఎందుకంటే ఈ తప్పు ఒక్కరిది కాదు. పదకొండు నిమిషాల్లో తొమ్మిది ఆమె తాగుడు, పేదరికం, చావు. మిగిలిన రెండు నిమిషాల్లో బోలెడు తప్పులు. మర్యాదగానే కామెంట్ పెట్టాను. రెండు రోజుల్లో అది కనబడకుండా పోయింది. తప్పులన్నీ ఒక్కొక్కటిగా రాసి మెయిల్ పంపాను. నెల ఆగి మళ్లీ పంపాను. జవాబు లేదు. ఈలోగా అదే కథ, అవే తప్పులతో, మరో రెండు చానళ్లలో వచ్చింది. ఒక వెబ్‌సైట్ దాన్నే వ్యాసంగా మార్చి వేసింది.

అయినా ఊరుకునేదాన్నేమో. ఊరుకోలేకపోవడానికి కారణం మా విద్యార్థిని. ఇంటర్ రెండో సంవత్సరం చదువుతోంది. గొంతు ఎత్తితే వెనక బెంచీ వరకూ ఖంగున వినిపిస్తుంది. డిగ్రీలో థియేటర్ ఆర్ట్స్ చదువుతానంది. దరఖాస్తు ఫారం ప్రింట్ తీయించి బ్యాగులో నోట్‌బుక్ మధ్య మడతపడకుండా దాచుకుంది. ఆ వారమే వాళ్ల నాన్న కాలేజీకి వచ్చారు. రైస్ మిల్లులో గుమాస్తా, నెమ్మదస్తుడు. కుర్చీ వేసినా కూర్చోలేదు. ఫోను తీసి, "మేడమ్, తప్పుగా అనుకోకండి, ఇది ఒకసారి చూడండి" అన్నారు. తెర మీద జాహిదె నలుపు తెలుపు ఫొటో, దాని మీద ఎర్రటి అక్షరాలతో ఆమె దిక్కులేని చావు గురించి ఒక వాక్యం. "ఏ దేశంలోనైనా నటించిన ఆడపిల్లకి చివరికి ఇదే కదండీ" అన్నారాయన. నాకు వెంటనే మాట రాలేదు. ఆయనకు ఆ కథ అంతవరకే తెలుసు. అంతవరకే చెప్పింది మీరు.

ఆయనకు ఆ రోజు చెప్పలేకపోయినవి ఇప్పుడు మీకు చెబుతున్నాను.

1. ముందు పేరు. టర్కిష్ భాషలో ఇంగ్లీషు 'సి' అక్షరాన్ని 'జ' అని పలుకుతారు. ఆమె జాహిదె. వీడియో అంతా 'కాహిడే' అన్నారు. ఇది చిన్న విషయమే, ఎవరికైనా జరుగుతుంది. కానీ ఒక మనిషి జీవితం మొత్తం చెప్పడానికి కూర్చున్నప్పుడు పేరు ఎలా పలకాలో చూసుకోవడానికి ఒక్క నిమిషం చాలు.

2. ఆమె ఏం చేశారన్నది. మీరు రెండు నిమిషాల్లో తేల్చేసింది ఇదే కాబట్టి నేను కాస్త పెద్దగానే రాస్తాను.

యెమెన్‌లో పుట్టి, ఇస్తాంబుల్‌లో పెరిగి, పిన్న వయసులోనే నగర నాటకశాలలో చేరారు. అక్కడి పెద్ద దిక్కు ముహ్సిన్ ఎర్తుగ్రుల్. 1922 నుంచి 1939 వరకు టర్కీలో కథా చిత్రాలు తీసింది దాదాపు ఆయన ఒక్కడే. పగలు సినిమా, రాత్రి నాటకం, నటులు మాత్రం వాళ్లే. టర్కీ మొదటి మాటల సినిమా వచ్చింది 1931లో. మన 'భక్త ప్రహ్లాద' 1932 కదా, అంటే వాళ్లూ మనమూ దాదాపు ఒకేసారి మాట నేర్చాం. జాహిదె 1933లో తెర మీదికి వచ్చారు.

1935లో వచ్చిన 'ఐసెల్' సినిమా ఆమెను తారను చేసింది. స్వీడన్ రచయిత్రి సెల్మా లాగర్లోఫ్ రాసిన కథను టర్కీ పల్లెకు మార్చి తీశారు ఎర్తుగ్రుల్. పనిచేసే ఇంటి యజమాని వల్ల తల్లి అయిన పల్లెటూరి పిల్ల కోర్టుకెక్కుతుంది. ఆ బిడ్డ తనది కాదని అతను ప్రమాణం చేయబోతాడు. అబద్ధపు ప్రమాణం చేసి పాపం మూటగట్టుకోవద్దని, ఆమే తన కేసు వదులుకుంటుంది. తలగుడ్డ కట్టుకుని, నాటకం పద్ధతిలో చేతులు తిప్పకుండా, కళ్లు దించి నిలబడుతుంది జాహిదె. మా అన్నయ్య ఇంట్లో లాప్‌టాప్‌లో చూశాను. భాష ఒక్క ముక్క తెలియదు. అయినా ఆ ఘట్టం దగ్గర ఆపి మళ్లీ వెనక్కి తిప్పి చూశాను. 90 ఏళ్ల కిందటి పిల్ల అంత తక్కువ నటనతో అంత ఎలా చెప్పిందో మా పిల్లలకు చూపించాలనిపించింది. మీ వీడియోలో ఈ సినిమా పేరు కూడా లేదు.

తర్వాత ఆమె కెమెరా వెనక్కి వెళ్లారు. 1949లో ఒక సినిమాకు దర్శకత్వంలో పాలు పంచుకున్నారు. టర్కీ తొలి మహిళా దర్శకురాలు అంటే అక్కడివాళ్లు చెప్పే పేరు ఆమెదే. 1950లో సొంత నిర్మాణ సంస్థ సోన్కు ఫిల్మ్ పెట్టారు. 1953లో ఆమె నిర్మించి, నటించి, దర్శకత్వంలో భాగం పంచుకున్న సంగీత చిత్రంతోనే జెకి మ్యూరెన్ సినిమాల్లోకి వచ్చాడు. టర్కీలో జెకి మ్యూరెన్ అంటే మనకు ఘంటసాల గారంత పేరున్న గాయకుడు. అతన్ని మొదటిసారి తెర మీద నిలబెట్టింది ఒక మహిళ పెట్టిన సంస్థ.

1953 అనగానే మీకు వెంటనే గుర్తు రావాల్సిన పేరు ఒకటుంది. అదే ఏడాది ఇక్కడ భానుమతి గారు 'చండీరాణి'కి దర్శకత్వం వహించారు, మూడు భాషల్లో. భానుమతి గారి గురించి మాట్లాడుతూ 'చండీరాణి', భరణి సంస్థ ప్రస్తావన లేకుండా వీడియో చేస్తే తెలుగువాళ్లు ఊరుకుంటారా? జాహిదె విషయంలో మీరు చేసింది సరిగ్గా అదే.

3. తాగుడు గురించి. అది నిజం కాదని నేను అనడం లేదు, దాచమనీ అడగడం లేదు. చివరి ఏళ్లలో ఆమె మద్యానికి బానిసయ్యారు, ఆస్తి పోయింది, 1981 మార్చిలో ఇస్తాంబుల్‌లో కన్నుమూశారు. కానీ "తాగి తాగి సంపాదించిందంతా పోగొట్టుకుంది" అని మీరు చెప్పిన వాక్యంలో ఒక పెద్ద సంగతి ఎగిరిపోయింది. 1963లో ఆమె సంస్థ అగ్నిప్రమాదంలో కాలిపోయింది. పదమూడేళ్లు నడిపిన సంస్థ అది. మగ నిర్మాత స్టూడియో కాలిపోతే "దెబ్బతిన్నాడు" అంటాం. ఆడ నిర్మాతకు అదే జరిగితే "తాగి తగలేసింది" అంటున్నాం.

4. "ఆమె సినిమాలు ఇవాళ ఎవరికీ గుర్తు లేవు" అన్న మాట. గుర్తుండటానికి చాలావాటికి రీళ్లు ఉండాలి కదా. ఆ కాలం ఫిల్ము నైట్రేటుతో చేసేవారు. అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు. 1959లో ఇస్తాంబుల్ నగరపాలక సంస్థ ఫిల్ము గోడౌన్ తగలబడి టర్కీ తొలితరం సినిమాలు ఎన్నో బూడిదయ్యాయి. మనకీ కొత్త కాదు ఈ బాధ. 2003 జనవరిలో పూణేలో ఇలాంటి మంటల్లోనే మన దేశపు పాత నైట్రేటు ఫిల్ములు పోయాయి. మన మొదటి మాటల సినిమా 'భక్త ప్రహ్లాద' ఇవాళ చూద్దామంటే లేదు. ఇంత కథ ఉండగా జనం మరిచిపోయారని ఒక్క ముక్కలో తేల్చేయడం ఆ నటులకూ ఆ జనానికీ అన్యాయం.

5. జాహిదె కంటే ముందు నడిచినవాళ్లు. ఈ భాగం లేకపోతే ఆమె ఎంత దూరం వచ్చారో ఎవరికీ అర్థం కాదు. ఒట్టోమన్ సుల్తానుల కాలంలో ముస్లిం స్త్రీలు రంగస్థలం ఎక్కకూడదు. ఆడవేషాలు ఎక్కువగా ఆర్మీనియన్ నటీమణులు వేసేవారు. 1920లో ఇస్తాంబుల్ కాదికోయ్ పేటలోని అపోలోన్ థియేటర్‌లో అఫీఫె జాలె అనే యువతి ఆ కట్టు తెంచింది. పోలీసులు వెంటపడ్డారు. 1921లో అధికారుల ఉత్తర్వు వచ్చింది, నాటకశాల నుంచి ఆమెను తీసేశారు. తలనొప్పికి తీసుకున్న మార్ఫిన్ అలవాటైపోయింది. 1941లో బకిర్కోయ్ మానసిక వైద్యశాలలో చనిపోయింది. (ఇది రాస్తున్నప్పుడు నాకు భయమే. దీన్ని కూడా రేపు ఎవరైనా ఎర్రక్షరాల వీడియో చేస్తారేమో. చేస్తే ఆ పోలీసుల సంగతి, ఆ ఉత్తర్వు సంగతి తప్పకుండా చెప్పండి. ఆమెను పడగొట్టింది నటన కాదు.)

మూడేళ్లు తిరిగేసరికి 1923లో, హలీదె ఎదిబ్ రాసిన స్వాతంత్ర్య పోరాట నవలను ఎర్తుగ్రుల్ సినిమాగా తీశారు. టర్కిష్ ముస్లిం స్త్రీలే ఆ పాత్రలు వేయాలని రచయిత్రి పట్టుబట్టారు. అలా తెర మీదికి వచ్చినవాళ్లు బెదియా మువహ్హిత్, నెయ్యిరె నెయిర్. ఈ హలీదె ఎదిబ్ మనకు మరీ పరాయి మనిషి కాదు. 1935లో ఢిల్లీ జామియా మిలియాలో ఉపన్యాసాలివ్వడానికి వచ్చి, ఆ పర్యటనలో హైదరాబాద్ కూడా చూసి వెళ్లారు.

6. బెదియా మువహ్హిత్ మీద ఒక్క తెలుగు వీడియో కూడా నాకు కనబడలేదు. ఈ లేఖ మొత్తంలో నన్ను ఎక్కువ బాధపెట్టే సంగతి ఇదే. ఇస్తాంబుల్‌లో టెలిఫోన్ కంపెనీలో ఉద్యోగం చేసిన తొలి మహిళల్లో ఆమె ఒకరు. ఫ్రెంచి పాఠాలు చెప్పారు. 1923లోనే టర్కీ గణతంత్ర స్థాపకుడు ముస్తఫా కెమాల్ ప్రోత్సాహంతో ఇజ్మీర్‌లో నాటకం వేశారు. నాలుగేళ్లకే, 1927లో, నటుడైన భర్త పోయారు. అయినా నటన మానలేదు. యాభై ఏళ్లకు పైగా నగర నాటకశాలలో వేషాలు వేసి, 1975లో పదవీ విరమణ చేశారు. 1987లో ప్రభుత్వం 'ప్రభుత్వ కళాకారిణి' బిరుదు ఇచ్చింది. 1994లో, నిండు వయసులో, అందరి గౌరవం మధ్య వెళ్లిపోయారు.

ఇది కూడా తొలితరం నటి కథే కదా. ఇందులో ఏడుపు లేదు కాబట్టి వ్యూస్ రావని వదిలేశారా? మా విద్యార్థిని నాన్నగారికి మొదట ఈ కథ కనబడి ఉంటే ఆయన ఫోను పట్టుకుని నా దగ్గరికి వచ్చేవారే కాదేమో.

7. మన ఇంట్లో సంగతి. కాంచనమాల పేరు వెతికి చూడండి. మొదట వచ్చేదేమిటి? మతి చలించిందని, పిచ్చిదైపోయిందని. 1938లో చలం కథతో, తాపీ ధర్మారావు మాటలతో గూడవల్లి రామబ్రహ్మం 'మాలపిల్ల' తీస్తే, ఆ రోజుల్లో ఆ పాత్ర వేయడానికి ఎంత గుండె కావాలో ఆ వీడియోలు చెప్పవు. 'గృహలక్ష్మి', 'వందేమాతరం', 'మళ్ళీ పెళ్ళి', 'ఇల్లాలు', 'బాలనాగమ్మ' అని పేర్లు గబగబా చదివేసి ఆస్పత్రి దగ్గరికి పరిగెడతాయి. ఆమె కూడా 1981లోనే పోయారు, జనవరిలో. జాహిదె మార్చిలో. రెండు నెలల తేడాతో వెళ్లిపోయిన ఈ ఇద్దరినీ, వేల మైళ్ల దూరంలో ఉన్నవాళ్లని, మీరు ఒకే మూసలో పోశారు.

8. దీని దెబ్బ బతికి ఉన్నవాళ్ల మీద కూడా పడుతోంది. మా ఊళ్లో ఒక పెద్దావిడ నలభై ఏళ్లు పద్యనాటకాల్లో వేషాలు వేశారు. రెండేళ్ల కిందట ఒక చానల్ నుంచి ఇద్దరు కుర్రాళ్లు ఫోను, చిన్న మైకు పట్టుకుని వచ్చారు. పొద్దున్నే కబురు చేశారని ఆవిడ పట్టుచీర కట్టుకుని, పక్కింటి హార్మోనియం ఆయన్ని పిలిపించుకుని కూర్చున్నారు. చంద్రమతి పద్యాలు రెండు పాడారు. డెబ్బై ఆరేళ్ల వయసులో శ్రుతి తప్పలేదు, నేను అక్కడే ఉన్నాను. వాళ్లు మాత్రం మూడుసార్లు అడిగిన ప్రశ్న ఒక్కటే: "ఇప్పుడు తిండికి ఇబ్బందిగా ఉందా అమ్మా?" చివరికి ఆవిడ పోయిన కొడుకుని తలుచుకుని కళ్లు తుడుచుకున్నారు. వీడియోలో ఉన్నది ఆ కళ్లు తుడుచుకోవడమే. పద్యాలు లేవు. తర్వాత బంధువులు ఫోన్ చేసి "అన్నానికి లేకపోతే మాకు చెప్పొచ్చు కదా, పరువు తీశావు" అన్నారట. అప్పట్నుంచి ఆవిడ ఎవరొచ్చినా తలుపు దగ్గర నుంచే పంపించేస్తున్నారు. నాటకం గురించి అడగడానికి వెళ్లిన మా పిల్లల్ని కూడా.

ఇక మిమ్మల్ని నేను కోరేవి ఇవి.

ఒకటి, జాహిదె సోన్కు మీద వీడియోలు, వ్యాసాలు వేసినవాళ్లు పై తప్పులు సరిదిద్ది, ఆ సవరణను వీడియో కింద మొదటి కామెంటుగా పెట్టండి. కామెంట్లు తీసేయకండి. ఆమె అని చెప్పి మీరు చూపించిన ఫొటోల్లో ఒకటి వేరే నటిది, దాన్ని మార్చండి.

రెండు, ఏ నటి జీవితం చెప్పినా చివరి రోజులకు ఎంత సమయం ఇస్తారో కనీసం అంత సమయం ఆమె పనికి ఇవ్వండి. ఏ సినిమాలో ఏ పాత్ర వేసింది, అది అప్పటికి ఎందుకు కొత్త, ఎవరితో పనిచేసింది, ఎవరికి దారి చూపింది అన్నవి చెప్పాలి.

మూడు, బతికి ఉన్న కళాకారుల దగ్గరికి వెళ్లినప్పుడు వాళ్లు చూపించాలనుకున్నది కూడా చూపించండి. వేసే ముందు వీడియో వాళ్లకు ఒకసారి చూపించి ఒప్పుకోలు తీసుకోండి. చావు, ఆస్పత్రి, ఆకలి బొమ్మలు థంబ్‌నెయిల్ మీద వేయడం మానండి. ఇంటికి దూరంగా చదువుకుంటున్న మనవరాలు ఫోనులో అలాంటి బొమ్మ చూసుకుంటే ఆ పిల్లకి ఎంత టెన్షన్‌గా ఉంటుందో ఆలోచించండి.

నాలుగు, పత్రికల సినిమా పేజీలు చూసే పెద్దలకు. చానళ్ల నుంచి ఎత్తిరాసే ముందు ఒక్కసారి సరిచూడండి. అచ్చులో పడితే మా పిల్లలు దాన్ని ప్రాజెక్టుల్లో రాస్తున్నారు, తప్పని చెబితే పేపర్ కటింగ్ చూపిస్తున్నారు. పాత్రికేయ సంఘాలు కూర్చుని పాత కళాకారుల గురించి రాసేటప్పుడు పాటించాల్సిన నాలుగు నియమాలు పెట్టుకుంటే అందరికీ మేలు.

ఐదు, బెదియా మువహ్హిత్ మీద ఒక మంచి వీడియో చేయండి. ఎవరు చేస్తామన్నా టర్కిష్ పేర్ల పలుకుబడి, సంవత్సరాల పట్టిక, సినిమాల వివరాలు నేను రాసిస్తాను. డబ్బు అక్కర్లేదు, నా పేరు కూడా వేయనక్కర్లేదు.

మా విద్యార్థిని దరఖాస్తుకు ఇంకా ఐదు వారాల గడువు ఉంది. ఫారం ఇంకా ఆ నోట్‌బుక్ మధ్యనే ఉంది, సంతకం ఒక్కటే తక్కువ. ఈలోగా మీలో ఎవరు సవరణ పెట్టినా, మిల్లు దగ్గరికి వెళ్లి వాళ్ల నాన్నగారికి నేనే చూపిస్తాను.

ఇట్లు,
ఒక జూనియర్ కాలేజీ అధ్యాపకురాలు,
తెనాలి